మఠం నోరు

మాట్లాడబోమని ఒట్టు పెట్టుకున్నవాళ్ళు పదిమంది ఒకచోట చేరితే, వాళ్ళకి మొట్టమొదట కావలసింది ఒక మాటకారి. రేపు పాలు ఇంకాస్త ఎక్కువ పొయ్యమని పాలవాడికి ఎవరు చెప్పాలి? కప్పు కారుతోందని మేస్త్రీకి ఎవరు కబురు పెట్టాలి? పోనీ రాసి చూపిద్దామంటే, రాత కూడా మాటేననీ, పైగా తుడిచినా పోని మొండి మాట అనీ మౌనమఠం పెట్టిన మూలపురుషుడు ముందే తేల్చేశాడు. సైగలంటే చేతులతో వాగడమే అన్నాడు. అన్నీ తేల్చేసి నోరు కట్టేసుకున్నాక మొదటి వానాకాలం వచ్చింది. పాలు లేక, ఉప్పు లేక, కారే కప్పు కింద తడిసి ముద్దవుతూ ఒకరి మొహం ఒకరు చూసుకుంటున్న శిష్యుల మధ్య ఆయనకి అసలైన జ్ఞానోదయం అయింది. బయటినుంచి ఒక మనిషిని జీతానికి పెట్టుకున్నాడు. ఆ ఉద్యోగం పేరు 'నోరు'. ఆ మనిషిని ఆయన ఏమని పిలిచాడో, ఎలా మాట్లాడి కుదుర్చుకున్నాడో మఠంలో ఇంతవరకూ ఎవరూ అడగలేదు. అడిగే వీలు లేదు కదా.

ఇప్పుడు ఆ ఉద్యోగంలో ఉన్నవాడు నడివయసు మనిషి. గొంతు మంచిది, మనిషీ చెడ్డవాడు కాదు. గేటు దగ్గర కొట్లవాళ్ళనుంచి మేస్త్రీ దాకా అందరూ ఆయన్ని నోరయ్యగారూ అనే పిలుస్తారు. పిలవగా పిలవగా తన అసలు పేరేమిటో ఆయనే ఒక క్షణం ఆగి గుర్తు చేసుకోవలసిన స్థితి వచ్చింది. ఈ ఉద్యోగానికి పెళ్ళయినవాణ్ణే తీసుకోవాలని మఠం నియమం. తనది కాని మాట తన నోటితో పలకడం పెళ్ళయినవాడికి కొంత అలవాటై ఉంటుందని మూలపురుషుడి ఉద్దేశం. సన్యాసే అయినా లోకం తెలిసినవాడు. ఇంకో నియమం దీనికంటే గట్టిది. దర్శనాల హాల్లో నోరు తన సొంత మాట ఒక్కటి కూడా ఆడకూడదు, ఆడితే ఉద్యోగం అక్కడితో సరి. ఆఖరికి దగ్గొచ్చినా 'నోరు దగ్గుకోవచ్చని పెద్దమౌని సెలవిస్తున్నారు' అని చెప్పి మరీ దగ్గాలి.

మౌనమఠం అంటే చీమ చిటుక్కుమన్నా వినిపించే చోటని బయటివాళ్ళు అనుకుంటారు. తలుపుల బందులకి రోజూ నూనె వేస్తారు, చెప్పులకి గుడ్డ అడుగులు కుట్టిస్తారు, చెంచాలు కూడా చెక్కవే వాడతారు, అంతవరకూ నిజమే. కానీ నోరు కట్టేసుకున్నంత మాత్రాన మనిషి ఊరుకుంటాడా? వంటమౌనికి కోపం వచ్చిన రోజు కూరలో ఉప్పే ఆ సంగతి అందరికీ చెబుతుంది. పై అంతస్తులో ఇద్దరు ముసలి మౌనులు ఒక కిటికీ కోసం దెబ్బలాడుకోవడం నోరయ్య ఉద్యోగంలో చేరిననాటినుంచీ చూస్తున్నాడు. ఒకాయన తెరుస్తాడు, రెండో ఆయన మూస్తాడు, మళ్ళీ మొదటాయన తెరుస్తాడు. బయటైతే నాలుగు తిట్లతో ఒక పూటలో తెమిలిపోయే తగువు ఇక్కడ జీవితకాలం పట్టింది. ఇక గొంతు సవరించుకోవడం అంటారా, అందులో వాళ్ళకి లేని అర్థం లేదు. కొఠారు చూసే మౌని ఒకసారి సవరిస్తే 'చూశానులే' అని, రెండుసార్లు సవరిస్తే 'నీ సంగతి పెద్దాయన దాకా వెళుతుంది' అని. ఈ భాషంతా నోరయ్యకి కొట్టిన పిండి.

పెద్దమౌనికి ఒక్కడికి మాత్రం మూలపురుషుడు మూడు కదలికలు అనుమతించాడు. చూపుడువేలు ఎత్తవచ్చు, అరచెయ్యి తిప్పవచ్చు, కళ్ళు మూసుకోవచ్చు. ఎక్కడెక్కడినుంచో జనం వచ్చి హాల్లో బెంచీల మీద కూర్చుంటారు. వంతు వచ్చినవాళ్ళు లేచి తమ గోడు చెప్పుకుంటారు. ఎత్తు పీట మీద కూర్చున్న పెద్దమౌని ఏదో ఒకటి కదుపుతాడు. పక్కన నిలబడ్డ నోరయ్య 'పెద్దమౌని సెలవిస్తున్నారు' అని మొదలుపెట్టి దానికి అర్థం చెప్పాలి. పెద్దమౌనిది పండు వయసు. వేలు ఎత్తాడంటే ఈగ వాలిందనీ, చెయ్యి తిప్పాడంటే చలిగా ఉందనీ, కళ్ళు మూసుకున్నాడంటే నిద్రొచ్చిందనీ నోరయ్యకి చేరిన కొద్ది రోజుల్లోనే తెలిసిపోయింది. ఆ అర్థాలు చెబితే జనం తంతారు. అందుకని అన్నిటికీ కలిపి 'ఆశీర్వదిస్తున్నారు' అనేసేవాడు. కాళ్ళీడ్చుకుంటూ వచ్చినవాళ్ళు కాళ్ళీడ్చుకుంటూనే పోయేవారు.

అలాంటి రోజుల్లో ఒక కలప వ్యాపారి వచ్చాడు. తమ్ముడు కళ్ళముందే మోసం చేస్తున్నాడనీ, నోరు మెదపకుండా చూస్తున్నాననీ, ఇంకెన్నాళ్ళు ఓర్చుకోవాలో సెలవియ్యమనీ ఏడుపు గొంతుతో అడిగాడు. పెద్దమౌని కళ్ళు మూసుకున్నాడు. సన్నగా గురక కూడా మొదలైంది. గురక బెంచీల దాకా పోకుండా గట్టిగా ఏదో ఒకటి అనాలి. ఆ కంగారులో నోరయ్యకి పొద్దున ఇంట్లో భార్య పెట్టిన చీవాట్లు తప్ప ఇంకేమీ తోచలేదు. కారే కుళాయి ముందు కూర్చుని చూస్తే బకెట్ నిండుతుంది గాని కుళాయి బాగుపడదు, అనేశాడు. వ్యాపారి కొయ్యబారిపోయాడు. కళ్ళు తుడుచుకుని, మారుమాట లేకుండా వెళ్ళి తమ్ముడితో తేల్చుకున్నాడు. ఆ తరవాత ఆ వాక్యాన్ని మంచి టేకు పలక మీద చెక్కించి తెచ్చి, హాలు గోడకి స్వయంగా మేకులు కొట్టి వెళ్ళాడు. నోరయ్య ఇంట్లో కుళాయి మాత్రం కారుతూనే ఉంది.

నోరయ్య భార్య బట్టలు కుడుతుంది. ముందు గదిలో కిటికీ పక్కన మిషను, దాని చుట్టూ సగం కుట్టిన కోట్లు, గౌన్లు. వీధిలో అందరికీ ఆమె టైలరమ్మ. మెడలో టేపు, పెదాల మధ్య గుండుసూదులు, ఆ సూదుల సందులోంచే ధారాళంగా మాటలు. ఆమె తిడితే తిట్టినట్టుండదు, కొలిచి కత్తిరించినట్టుంటుంది. నోరయ్య ఏ పనైనా సగంలో వదిలేస్తే, దారానికి ముడి వెయ్యకుండా ఎంత కుట్టినా వెనకనుంచి ఊడొస్తుంది అంటుంది. పక్కింటివాళ్ళతో చిన్న మాట పట్టింపు వచ్చి ఆయన మొహం తిప్పుకుంటే, గుండీ ఊడిందని చొక్కా పారేస్తామా అంటుంది. ఆయన ముచ్చటపడి కొన్న బల్ల గుమ్మంలో పట్టనప్పుడు, కత్తిరించాక కొలిచేవాడికి ఎప్పుడూ గుడ్డే చాలదు అంది. ఇంట్లో పడ్డ అక్షింతలు మర్నాటికి హాల్లో ఆణిముత్యాలయ్యేవి.

జనం పెరిగారు. గోడ మీద పలకలు పెరిగాయి. 'మౌనవాక్కులు' అని చిన్న పుస్తకాలు గేటు దగ్గర కొట్లో దొరుకుతున్నాయి. సంసారం మొహం ఎరగని మహానుభావుడికి గుండీల గురించీ కుట్ల గురించీ ఇంత తెలియడం ఏమిటని పండితులు ముక్కున వేలేసుకున్నారు. గుండీ అంటే ఆత్మ, చొక్కా అంటే దేహం అని ఒక ప్రొఫెసరు వ్యాసం రాశాడు. చొక్కాయే ఆత్మ అని ఇంకో ప్రొఫెసరు దాని మీద విరుచుకుపడ్డాడు. ఆ గొడవతో వాళ్ళిద్దరికీ మాటలు ఆగిపోయాయి. మఠం ఉద్దేశం కూడా అదే కనుక, అక్కడికి అదొక విజయమే అనుకోవాలి.

ఇంట్లో ఈగల మోత, బయట పల్లకీల మోత అని సామెత. నోరయ్య ఇంట్లో ఆయన వైపునుంచి ఈగల మోత కూడా లేదు. గుమ్మంలో చెప్పులు విడిచాడంటే నోరు కూడా అక్కడే విడిచినట్టు. మొదట్లో అది నిజంగా అలసటే. రోజంతా ఊరందరి గోడుకీ జవాబు చెప్పి వస్తే దవడలు పీకేవి. తరవాత ఆయన ఒక సంగతి కనిపెట్టాడు, అక్కణ్ణుంచి అలసట అన్నది వట్టి సాకు అయిపోయింది. తను బదులు చెబితే ఆమె ఊరుకుంటోంది. తను ఊరుకుంటే ఆమె మాట్లాడుతోంది. అడిగినదానికి జవాబు రాకపోతే మనిషి ఇంకాస్త బాగా అడుగుతుంది, అప్పటికీ రాకపోతే ఇంకా బాగా. ఆమెను ఆ మెట్లన్నీ ఎక్కనిచ్చి, పైమెట్టు మీద పుట్టిన వాక్యాన్ని నోరయ్య మెల్లిగా జేబులో వేసుకునేవాడు.

ఆమె కులాసాగా ఉన్న రోజు ఆయనకి గడ్డు రోజు. అలాంటప్పుడు తడి తువ్వాలు తీసి మంచం మీద పడేసేవాడు. కుట్టి మడత పెట్టిన కోటు మీద చూడనట్టు కూర్చునేవాడు. ఒక ఏడాది ఆమె పుట్టినరోజు మరిచిపోయినట్టు నటించి, దాని మీద వచ్చిన మాటలతో చాలా రోజులు నెట్టుకొచ్చాడు. ఇది పాపమని ఆయనకి తెలియదా అంటే తెలుసు. పూట గడిపే పాపాన్ని ఎవడూ అంత పట్టించుకోడు.

అన్నీ తిట్లే కావు. ఒక సాయంత్రం ఆమె మిషను ఆపి, చేతిలో గుడ్డ ఒళ్ళో పెట్టుకుని, పక్కన మనిషి ఉండి కూడా ఒంటరిగా ఉండటం కంటే, ఎవరూ లేకుండా ఒంటరిగా ఉండటమే తేలిక అంది. నోరయ్యకి లేచి వెళ్ళి ఆమె పక్కన కూర్చోవాలనిపించింది. కూర్చుంటే ఆ మాట అక్కడితో ఆగిపోతుందనీ, ఆగకపోతే ఇంకో మంచి మాట రావచ్చనీ కూడా అనిపించింది. కూర్చోలేదు. మర్నాడు ఆ వాక్యం విని, విడిపోదామని వచ్చిన మొగుడూ పెళ్ళాలు హాల్లో అందరిముందూ కావలించుకుని ఏడ్చారు. నోరయ్యకి కూడా కళ్ళు చెమర్చాయి. పెద్దమౌని ఒక కన్ను తెరిచి ఆయన వైపు చూసి మళ్ళీ మూసుకున్నాడు.

ఇలా నడుస్తుండగా ఒకరోజు టైలరమ్మ ఇస్త్రీ చేస్తూ, తడి తువ్వాలు గాని ఇంకో కారణం గాని లేకుండా, ఇస్త్రీపెట్టెకి జ్వరం వస్తే మాత్ర బట్టకే వెయ్యాలి అంది. అని, ఆయన మొహంలోకి చూసింది. నోరయ్యకి ముక్క అర్థం కాలేదు. అర్థం కాని మాటకి హాల్లో గిరాకీ ఎక్కువని మాత్రం ఆయనకి అనుభవం. మర్నాడు ఒక డాక్టరు కొడుకు మాట వినడం లేదని మొత్తుకుంటే ఆ మాట వదిలాడు. హాలు హాలంతా ఊపిరి బిగపట్టింది. డాక్టరు రెండు చేతులూ జోడించి వెనక్కి నడుస్తూ వెళ్ళిపోయాడు. ఇస్త్రీపెట్టె కోపమనీ, బట్ట ఓర్పనీ, మాత్ర మౌనమనీ బెంచీల మీద అప్పటికప్పుడు వ్యాఖ్యానం మొదలైంది. పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. కొద్ది రోజుల్లో ఊళ్ళో ఎక్కడ విన్నా ఇస్త్రీపెట్టె జ్వరమే. బస్సుల వెనక కూడా రాయించారు.

అది బస్సుల మీదికెక్కిన వారమే టైలరమ్మ ఇంట్లో మాట్లాడటం మానేసింది.

గొంతు బాగాలేదేమో అనుకున్నాడు నోరయ్య. కానీ కుట్టించుకోవడానికి వచ్చినవాళ్ళతో ఆమె ఎప్పటిలాగే నవ్వుతూ మాట్లాడుతోంది. వాళ్ళు గుమ్మం దాటగానే మిషను చప్పుడు తప్ప ఇంకేమీ లేదు. ఆయన తడి తువ్వాలు మంచం మీద పడేశాడు, ఆమె తీసి ఆరేసింది. బురద కాళ్ళతో గదంతా తిరిగాడు, తుడిచింది. కోటు మీద కూర్చున్నాడు. ఆయన లేచేదాకా ఆగి, కోటు దులిపి, మళ్ళీ ఇస్త్రీ చేసింది. అన్నం వేళకి పెడుతోంది, నీళ్ళు అడక్కుండానే ఇస్తోంది. మాట ఒక్కటే లేదు.

హాల్లో సరుకు అయిపోయింది. పాతవి తిప్పి చెబుదామని కుళాయి మాట ఎత్తితే, సగంలోనే బెంచీలన్నీ కలిసి మిగతా సగం పూర్తి చేశాయి. పోనీ సొంతంగా ఒకటి కడదామని కష్టపడి, "గోడ ఎంత పొడుగున్నా గోడే" అన్నాడు. బెంచీలు మిగతా సగం కోసం చూశాయి. ఆఖరికి ముందు బెంచీలో ముసలాయన వినయంగా, తరవాత ఏమిటి బాబూ అని అడిగాడు. తరవాత ఏమీ లేదు. ఆ రోజు కొఠారు మౌని గొంతు మూడుసార్లు సవరించాడు. మూడుసార్లంటే ఏమిటో నోరయ్యకి కూడా తెలియదు, అంతకుముందు ఎప్పుడూ అంత దూరం రాలేదు. వంటమౌని ఆయన గిన్నెలో ఉప్పు వెయ్యడమే మానేశాడు.

ఉద్యోగం ఊడుతుందని నోరయ్యకి మొదట్లో గుబులు పుట్టిన మాట నిజమే. ఆ గుబులు ఎప్పుడు ఇంకో భయంగా మారిందో ఆయనకే తెలియలేదు. మౌనాల్లో రకాలు ఆయనకి తెలిసినన్ని ఎవరికి తెలుసు? అలక మౌనం ఉంది, బద్ధకం మౌనం ఉంది, కడుపు నిండిన మౌనం ఉంది, పదిమంది చూస్తున్నారని పాటించే మౌనం ఉంది. ఇంట్లో ఉన్నది వీటిల్లో ఏదీ కాదు. అది మనసులో పెట్టె సర్దుకుంటున్న మనిషి మౌనం. ఆమె అంటే ఆయనకి ప్రాణం. ఆ మాట ఆమెతో చెప్పి ఎన్నాళ్ళయిందని ఆలోచిస్తే, అసలు ఎప్పుడైనా చెప్పానా అని అనుమానం వచ్చింది. రోజూ మఠంనుంచి ఇంటికి నడుస్తూ, ఏమైంది, నామీద కోపమొచ్చిందా అని రెండే రెండు ముక్కలు దారిపొడుగునా వల్లె వేసుకునేవాడు. గుమ్మంలోకి రాగానే నాలుక అలవాటు కొద్దీ ఎవరో వేలు ఎత్తుతారని ఎదురుచూస్తూ ఉండిపోయేది. ఆ ఇంట్లో వేలెత్తేవాళ్ళెవరూ లేరు.

ఒక సెలవురోజు హాలు కిటకిటలాడుతోంది. ఒక రైల్వే గార్డు బదిలీ గురించి అడిగి, ఆశీర్వాదం మాత్రం పుచ్చుకుని చప్పగా కూర్చున్నాడు. తరవాతి వంతుకి వెనక బెంచీలోంచి లేచిన మనిషిని చూసేసరికి నోరయ్య పైప్రాణాలు పైనే పోయాయి. టైలరమ్మ. తనకోసం తను కుట్టుకున్న బూడిదరంగు కోటు వేసుకుంది. మెడలో టేపు లేదు. ఇన్నేళ్ళలో ఆమె ఈ గేటు లోపలికి రావడం ఇదే మొదలు. నడవలో నడిచి ముందుకొచ్చి, నోరయ్య అక్కడ ఉన్నట్టే ఎరగనట్టు, తిన్నగా పెద్దమౌనినే చూస్తూ చెప్పింది.

"పెద్దమౌనిగారూ, మా ఆయన ఇంట్లో మాట్లాడడండీ. కొట్టడు, తిట్టడు, తాగడు. నేను చెప్పేదంతా మాత్రం చెవులు రిక్కించుకుని వింటాడు. మాట్లాడటం రాని మనిషి, నా మాటంటే ఇష్టం కాబోలు, అందుకే వింటున్నాడనుకున్నాను. అదే చాల్లే అనుకున్నాను. ఎందుకు వింటున్నాడో ఈమధ్యే తెలిసింది. ఇందాక వంతు వచ్చేలోపల ఈ గోడ మీద పలకలన్నీ చదివాను. మా అక్క వచ్చి తన దగ్గర ఉండమంటోంది. నేను ఉండాలా, పోవాలా? మీరు ఎలా చెబితే అలా చేస్తాను."

జనంలో ఆడవాళ్ళు కొందరు పాపం పాపం అన్నారు. పలకల మాట ఎవరికీ అంతుబట్టలేదు. పెద్దమౌని మెలకువగానే ఉన్నాడు. ఆమెనూ చూశాడు, నోరయ్యనూ చూశాడు. మెల్లిగా చూపుడువేలు ఎత్తాడు. నోరయ్య ఆశగా చుట్టూ వెతికాడు. ఈగ లేదు.

"పెద్దమౌని సెలవిస్తున్నారు" అని మొదలుపెట్టాడు.

తరవాత మాట పెగల్లేదు. చెప్పడానికి లేక కాదు. గుండీ ఊడిందని చొక్కా పారేస్తామా అంటే చాలు. జనం ఆహా అంటారు. ఇచ్చిన మాటకి కట్టుబడే మనిషి కనుక ఆమె ఉండిపోతుంది కూడా. ఇంటికి మాట తిరిగొస్తుంది, హాలుకి సరుకు తిరిగొస్తుంది, కొఠారు మౌని గొంతు కుదుటపడుతుంది. వాక్యం నాలుక చివరిదాకా వచ్చింది. ఆ క్షణంలో ఆమె మొదటిసారి ఆయన మొహంలోకి చూసింది. సరిగ్గా ఆ మాట కోసమే ఆమె కాచుకుని ఉందనీ, తన మాటే తనకి తిప్పి చెబితే ఇంకో క్షణం నిలబడదనీ నోరయ్యకి తెలిసిపోయింది. తెరిచిన నోరు మూసుకున్నాడు.

హాలు ఎదురుచూసింది. ఎవరో తుమ్మబోయి ఆపుకున్నారు. నోరయ్య తేలు కుట్టిన దొంగలా నిలబడ్డాడు. అప్పుడు ఎన్నో ఏళ్ళుగా తెరవని తలుపు కిర్రుమన్నట్టు ఒక గొంతు వినిపించింది.

"ఆవిడ అడిగేది నన్ను కాదయ్యా. నిన్ను. చెప్పు."

పెద్దమౌని మాట్లాడాడు. అది ఆయన గొంతేనని నమ్మడానికి ముందు బెంచీవాళ్ళకి కూడా కొంతసేపు పట్టింది. నోరయ్యకి అదేమీ పట్టలేదు. "నాకు తెలీదు" అన్నాడు భార్యతో. హాల్లో ఆయన ఆడిన మొట్టమొదటి సొంత మాట అది. ఉద్యోగం అక్కడితో సరి. టైలరమ్మ తలూపింది, ఆ జవాబు సబబే అన్నట్టు. వెనక్కి తిరిగి నడవలోంచి బయటికి వెళ్ళిపోయింది. నోరయ్య పీట పక్కనుంచి కదిలి, బెంచీలు తన్నుకుంటూ ఆమె వెనక పరుగెత్తాడు.

తరవాత లోపల జరిగింది కూడా చెప్పుకోవాలి. మఠంలో ఎవరైనా ఒట్టు తప్పితే ఆ తప్పును నోరు చేత హాల్లో చెప్పించి, ఆ పైన శిక్ష వెయ్యాలి. చెప్పవలసిన నోరేమో వీధిన పడి పరుగెడుతోంది. కొఠారు మౌని గొంతు సవరించి సవరించి పొలమారిపోయాడు. చెప్పే దిక్కు లేనప్పుడు తప్పు జరగనట్టే కనుక, పెద్దమౌని ఆ రోజు మాట్లాడలేదని మౌనులందరూ ఏకగ్రీవంగా, నిశ్శబ్దంగా తీర్మానించుకున్నారు. జనం మాత్రం ఊరుకుంటారా? ఆవిడ అంటే ప్రకృతి అని ఒక ప్రొఫెసరు, మృత్యువు అని ఇంకో ప్రొఫెసరు వ్యాసాలు మొదలుపెట్టారు. కలప వ్యాపారి పలకకి టేకు చూస్తున్నాడని వినికిడి.

వీధి మలుపులో చెప్పులు కుట్టే దుకాణం దగ్గర నోరయ్య ఆమెను అందుకున్నాడు. ఆమె ఆగలేదు, నడక కాస్త తగ్గించింది. ఆయన రొప్పుతూనే హాల్లో గొంతు తెచ్చుకుని, తెగిన దారాన్ని రెండు కొసలూ దొరికినప్పుడే ముడెయ్యాలి అన్నాడు.

"అది నాదే. వానల్లో దండెం తాడు తెగినప్పుడు అన్నాను" అంది ఆమె.

నాలుగడుగులు నడిచాక ఆయన ఇంకోటి అందుకున్నాడు. అదీ తనదేనని, అయినా చివరి ముక్క పాడు చేశారని చెప్పింది. ఆయనకి తన లోపల ఎంత తడుముకున్నా ఆమెవి కాని మాటలు దొరకలేదు. దొరికిందే పట్టుకుని, నువ్వు లేకపోతే నాకు మాటే లేదు అన్నాడు.

"అవును, ఉద్యోగం పోతుంది" అంది.

"ఉద్యోగం ఇందాకే పోయింది" అన్నాడు. హాల్లో గొంతు కాదు అది. "నాకు భయంగా ఉంది."

టైలరమ్మ అప్పుడు ఆగింది. ఆ మాటను గుడ్డ తిరగేసి చూసినట్టు కాసేపు చూసింది, తనదేమోనని. తనది కాదు. ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగాయి, కోపం కూడా అప్పుడే వచ్చింది.

"ఇస్త్రీపెట్టెకి జ్వరమేమిటండీ? అదేం మాటే, పిచ్చిదానా అని ఒక్కసారి అడగాలనిపించలేదా మీకు? ఒక మంచి మాటయితే దాచుకున్నారు సరే. ఆ చెత్త మాట కూడా అడక్కుండా దాచుకున్నారు. అడుగుతారేమోనని చూశాను. బస్సు వెనక కనబడింది నాకు."

నోరయ్య తలవంచుకుని, అర్థం కాలేదని ఒప్పుకున్నాడు. అర్థమే లేదని ఆమె చెప్పింది. ఆ మాట అన్నప్పుడు ఆమె పెదవి ఒక పక్కకి వంగబోయింది గాని, నవ్వు రానివ్వలేదు.

"మా అక్క ఇంటిదాకా నడవాలి" అంది చివరికి. "అందాకా చెప్పండి. మీవి చెప్పండి. ఏవైనా సరే."

ఏం చెప్పాలో ఆయనకి తెలియలేదు. చెప్పులు కరుస్తున్నాయని చెప్పాడు. మఠంలో ఈమధ్య కూరలో ఉప్పు వెయ్యడం లేదని చెప్పాడు. కోటు మీద కూర్చున్నది చూసుకోక కాదని, కావాలనే కూర్చున్నానని చెప్పాడు. తువ్వాళ్ళ సంగతి చెప్పాడు. పుట్టినరోజు మరిచిపోలేదనీ, ఆ పొద్దున లేవగానే గుర్తొచ్చిందనీ, గుర్తొచ్చే నోరు మూసుకున్నాననీ చెబుతుంటే మెట్ల మీద జారినట్టు మాటలు ఒకదాని మీద ఒకటి పడ్డాయి. ఆమె ఒంటరిగా ఉందని చెప్పిన సాయంత్రం లేచి పక్కన కూర్చోవాలనిపించిందనీ, కూర్చోలేదనీ, ఆ మాట విని ఎవరో మొగుడూ పెళ్ళాలు కలిసిపోతే అది చూసి తను ఏడ్చాననీ, ఎందుకు ఏడ్చానో అప్పుడు తెలియలేదనీ చెప్పాడు. ఏ పలక మీదా చెక్కించడానికి పనికొచ్చే మాట ఒక్కటి లేదు. సగం వాక్యాలకి తోక లేదు, సగానికి తల లేదు. అలా చెప్పుకుంటూ, చేతులు తిప్పుకుంటూ, ఎదురొచ్చేవాళ్ళని గుద్దుకుంటూ నడుస్తున్నాడు.

వాళ్ళ అక్క ఇల్లు వచ్చింది. ఆకుపచ్చ గేటు, వరండాలో వెలుగుతున్న దీపం. నోరయ్య మాట మధ్యలో ఉన్నాడు, అటువైపు చూడనే లేదు. టైలరమ్మ చూసింది. ఆమె అడుగు ఒక్క క్షణం నెమ్మదించింది. తరవాత వింటూ, ఆయన పక్కనే నడుస్తూ, ఆ గేటును దాటేసి వీధి వెంట ముందుకి వెళ్ళింది.